మామిడితోట మధ్యలో 400 కేవీ టవరు: కోర్టుకు వెళితే లైను దారి మారుతుందా?

మీరు అడిగినదాన్ని ముందుగా నా మాటల్లో చెప్పుకుని ఆ తరువాత జవాబులోకి వెళతాను. నంద్యాల జిల్లాలోని మీ ఊరి పొలాల మీదుగా 400 కేవీ (నాలుగు లక్షల వోల్టుల) విద్యుత్ లైను వేయడానికి సర్వే వాళ్లు వచ్చి రాళ్లు పాతి, వాటికి ఎర్ర రంగు పూసి వెళ్లారు. మీ నాలుగెకరాల మామిడితోట నడిమధ్యలో ఒక టవరు పడుతుందని, తీగలు ఊరి చివర కొత్తగా కట్టుకున్న ఇళ్లకు దగ్గరగా వెళతాయని తెలిసింది. మీ సంతకం ఎవరూ అడగలేదు, నోటీసూ ఇవ్వలేదు. ఊళ్లో 30 మంది కలిసి హైకోర్టుకు వెళితే లైను పక్కకు జరుగుతుందా, భూగర్భ కేబుల్ వేయమని అడగవచ్చా, ఆరోగ్యం మాటేమిటి, ఏదీ కాకపోతే పరిహారం ఎంత వస్తుంది అన్నవి మీ ప్రశ్నలు.

నేను జిల్లా కోర్టులో 22 ఏళ్లుగా న్యాయవాదిగా ఉన్నాను. ఈ రకం కేసుల్లో ఎక్కువగా రైతుల పక్షాన, రెండు మూడు సార్లు లైను వేసే సంస్థ పక్షాన కూడా పనిచేశాను. ఆ అనుభవంతో అసలు సంగతి మొదటే చెబుతున్నాను. లైను దారి మారేది చాలావరకు పునాది గొయ్యి తవ్వకముందు, కాగితాల మీద, ఇంజనీర్ల దగ్గరా కలెక్టరు దగ్గరా. కోర్టులో రైతు గెలిచేది ఎక్కువగా పరిహారం. ఈ తేడా తెలియక, స్టే వస్తుందన్న ఆశతో ఏడాది గడిపేసి, ఆ లోపల టవరు లేచిపోయి, పరిహారానికి కావలసిన సాక్ష్యం కూడా చెదిరిపోయిన కుటుంబాలను నేను చాలా చూశాను. మీకు అలా జరగకూడదనే ఇంత వివరంగా రాస్తున్నాను.

సంతకం ఎందుకు అడగలేదంటే, చట్టం వాళ్లను అడగమనలేదు. విద్యుత్ చట్టం, 2003లోని 164వ సెక్షన్ కింద ప్రభుత్వం ఒక సంస్థకు ఉత్తర్వు ఇస్తే, 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టంలో టెలిగ్రాఫ్ అధికారికి ఉన్న అధికారాలన్నీ ఆ సంస్థకు వస్తాయి. ఆ పాత చట్టంలోని 10వ సెక్షన్ ప్రకారం ఎవరి భూమిలోనైనా స్తంభం పాతవచ్చు, తీగ లాగవచ్చు. భూమి యాజమాన్యం మాత్రం మీదే, వాళ్లకు దక్కేది వాడుక హక్కు ఒక్కటే. అందుకే దీన్ని భూసేకరణగా చూడరు, భూసేకరణ నోటీసులూ రావు. అదే సెక్షన్‌లో మీకు పనికొచ్చే మాటలు కూడా ఉన్నాయి. పని వీలైనంత తక్కువ నష్టంతో చేయాలి, జరిగిన నష్టానికి పూర్తి పరిహారం ఇవ్వాలి. పవర్‌గ్రిడ్ (కేంద్ర ప్రభుత్వ విద్యుత్ లైన్ల సంస్థ) వర్సెస్ సెంచురీ టెక్స్‌టైల్స్ కేసులో 2016 డిసెంబరులో సుప్రీంకోర్టు ఈ విషయాన్ని తేల్చేసింది. ఛత్తీస్‌గఢ్‌లో తమ సున్నపురాయి గనుల మీదుగా లైను పోతోందని ఒక పెద్ద కంపెనీయే పోరాడినా, 164 ఉత్తర్వు ఉన్నప్పుడు యజమాని అనుమతి అవసరం లేదని తీర్పు వచ్చింది. టెలిగ్రాఫ్ చట్టం రద్దయిందని ఈ మధ్య కొందరు వాదిస్తున్నారు. దాని స్థానంలో వచ్చిన టెలికమ్యూనికేషన్ల చట్టం, 2023లోనే, 164వ సెక్షన్ కింద వేసే లైన్లకు పాత చట్టంలోని మూడో భాగం కొనసాగుతుందని రాసి ఉంది కాబట్టి ఆ వాదన నిలవదు, దాని మీద డబ్బు ఖర్చుపెట్టుకోకండి.

అయితే ఇక్కడే మీరు మొదట తేల్చుకోవలసిన సంగతి ఒకటుంది. లైను వేస్తున్నది ఎవరు, వాళ్లకు 164 ఉత్తర్వు ఉందా? పవర్‌గ్రిడ్‌కు కేంద్రం 2003 డిసెంబరు 24న సాధారణ ఉత్తర్వు ఇచ్చింది, ఉమ్మడి రాష్ట్రంలో రాష్ట్ర విద్యుత్ లైన్ల సంస్థ ట్రాన్స్‌కోకు కూడా అదే ఏడాది ఇచ్చారు. కాని ఈ రోజుల్లో చాలా లైన్లను టెండర్లలో గెలిచిన ప్రైవేటు కంపెనీలు వేస్తున్నాయి, సౌర, పవన విద్యుత్ కంపెనీలు తమ ప్లాంటు నుంచి సబ్‌స్టేషను దాకా సొంత లైన్లు వేసుకుంటున్నాయి. మీ జిల్లాలోనూ పక్కనున్న కర్నూలులోనూ ఈ రెండో రకం ఎక్కువ. ప్రైవేటు కంపెనీలకు లైను లైనుకూ విడిగా ఉత్తర్వు ఉండాలి, ఆ ఉత్తర్వుకు ముందు పత్రికల్లో ఊళ్ల పేర్లతో ప్రకటన ఇచ్చి అభ్యంతరాలు తీసుకోవాలి. ఆ ప్రకటనలో మీ ఊరి పేరు ఉందా, అభ్యంతరాల గడువు ఇంకా మిగిలి ఉందా అన్నది వెంటనే చూడండి. ఉత్తర్వే లేకపోతే వ్యవహారం పూర్తిగా మారిపోతుంది. అప్పుడు 2006 నాటి వర్క్స్ ఆఫ్ లైసెన్సీస్ నిబంధనలు వర్తిస్తాయి, వాటి ప్రకారం యజమాని ముందస్తు సమ్మతి కావాలి, మీరు ఒప్పుకోకపోతే జిల్లా మేజిస్ట్రేటు రాతపూర్వక అనుమతి తెచ్చుకునేదాకా వాళ్లు పనిచేయకూడదు. నేను దారి విషయంలో నెగ్గిన కేసుల్లో ఒకటి సరిగ్గా ఇదే. కంపెనీ మనుషులు 164, 164 అంటూ ఊరంతా తిరిగారు గాని, సమాచార హక్కు కింద మంత్రిత్వ శాఖను అడిగితే ఆ లైనుకు ఉత్తర్వు ఇంకా ఇవ్వలేదని తేలింది. ప్రైవేటు కంపెనీని నేరుగా అడిగితే సమాధానం రాదు. కేంద్ర విద్యుత్ మంత్రిత్వ శాఖనో, రాష్ట్ర ఇంధన శాఖనో అడగండి. దరఖాస్తులో ఉత్తర్వు నకలు, ఆమోదించిన దారి పటం, యాంగిల్ పాయింట్ల జాబితా అని విడివిడిగా రాయండి.

యాంగిల్ పాయింటు అంటే లైను మలుపు తిరిగే చోటు. రెండు మలుపుల మధ్య లైను తాడు పట్టినట్టు తిన్నగా పోతుంది. మలుపు దగ్గర టవరు బరువుగా, ఖరీదుగా ఉంటుంది కాబట్టి ఇంజనీరు కారణం లేకుండా మలుపు పెట్టడు. అందువల్ల పటంలో మలుపులు కనిపించిన చోట అక్కడ ఏం తప్పించారు అని అడగడం న్యాయమైన ప్రశ్నే. బడిని తప్పించి ఉంటే సరే, ఒక పలుకుబడి గల మనిషి వెంచరును తప్పించి చిన్న రైతుల మీదికి తిప్పి ఉంటే, ఆ పటమే మీకు అన్నిటికంటే బలమైన సాక్ష్యం. దారి మొత్తం మార్చమని అడిగితే ఎవరూ వినరు. కాని 400 కేవీ లైనులో టవరుకూ టవరుకూ మధ్య సాధారణంగా 400 మీటర్ల దాకా దూరం ఉంటుంది, ఆ దూరాన్ని కొంత పెంచుకోవడానికీ తగ్గించుకోవడానికీ వీలుంటుంది కాబట్టి, లైను మలుపు మార్చకుండానే టవరును అదే గీత మీద ముందుకో వెనక్కో జరిపి తోట నడిమధ్య నుంచి గట్టు మీదికి తేవచ్చు. ఈ ఒక్క కోరిక ఇంజనీర్లు ఒప్పుకోవడం నేను చాలాసార్లు చూశాను, ఎందుకంటే దానివల్ల వాళ్లకు అదనపు ఖర్చు పెద్దగా ఉండదు, కొత్త సర్వే అక్కర్లేదు. కాని పునాది పడ్డ మరునాడు ఇదే కోరిక అసాధ్యమవుతుంది.

కాబట్టి ఈ వారంలోనే అభ్యంతరం రాతలో పెట్టండి. ఊరి పేరుతో ఒకటి, ప్రతి రైతు పేరుతో ఒక్కొక్కటి. సర్వే నంబరు, విస్తీర్ణం, చెట్ల సంఖ్య, బోరు ఎక్కడుంది, ఇల్లు ఎంత దూరం, మీరు సూచించే ప్రత్యామ్నాయం ఏమిటి అన్నవి అందులో ఉండాలి. పట్టాదారు పాసు పుస్తకం, అడంగల్ నకళ్లు జతచేసి కంపెనీకీ, తహసీల్దారుకూ, కలెక్టరుకూ రిజిస్టరు పోస్టులో పంపి రసీదులు దాచుకోండి. సోమవారం గ్రీవెన్సులో అర్జీ ఇచ్చినా దాని నంబరు తీసుకోండి. తెలంగాణలో ఉన్నవారు ప్రజావాణిలో ఇదే పని చేయవచ్చు. ఈ కాగితాలకు విలువ ఎందుకంటే, మీరు అడ్డుచెప్పినప్పుడు కంపెనీ బలవంతంగా లోపలికి రావడానికి వీల్లేదు. టెలిగ్రాఫ్ చట్టం 16వ సెక్షన్ మొదటి ఉపవిభాగం కింద జిల్లా మేజిస్ట్రేటు దగ్గర, అంటే కలెక్టరు దగ్గర, అనుమతి ఉత్తర్వు తెచ్చుకోవాలి. ఆ అనుమతి ఇవ్వడం ఆయన విచక్షణ అని చట్టమే చెబుతోంది. ఆ విచారణకు మిమ్మల్ని పిలవమని ముందే కోరండి, పిలిచినప్పుడు 30 మంది వెళ్లి ఆవేశపడకుండా, ఇద్దరు వెళ్లి పటం బల్ల మీద పరిచి గట్టు మీదికి టవరును జరపమని అడగండి.

ఒక హెచ్చరిక కూడా చేయాలి. కలెక్టరు ఉత్తర్వు వచ్చాక పనిని అడ్డుకుంటే అది నేరమవుతుంది. పాత శిక్షాస్మృతిలో 188వ సెక్షన్‌గా ఉన్నది ఇప్పుడు భారతీయ న్యాయ సంహితలో 223గా ఉంది. ఉత్తర్వు చూపించకుండా పోలీసులతో వచ్చి గొయ్యి తవ్వుతుంటే ఉత్తర్వు నకలు అడగండి, వీడియో తీయండి, ఆ రోజే ఫిర్యాదు రాసి ఇవ్వండి. ఉత్తర్వు చూపిస్తే మాత్రం పక్కకు తప్పుకుని కోర్టు దారి చూసుకోవాలి. జేసీబీ ముందు పడుకున్న పిల్లవాడి మీద పెట్టిన కేసు, వాడు ఉద్యోగానికి దరఖాస్తు చేసే వేళకు కూడా ఇంకా నడుస్తూనే ఉండడం నేను చూశాను.

ఇక కోర్టు. సివిల్ కోర్టులో ఇంజంక్షన్ (పని ఆపమనే ఉత్తర్వు) కోరుతూ దావా వేద్దామని మీ వకీలు అన్నట్టు రాశారు. స్పెసిఫిక్ రిలీఫ్ చట్టానికి 2018లో చేసిన సవరణ వల్ల మౌలిక వసతుల ప్రాజెక్టు ఆలస్యమయ్యేలా ఇంజంక్షన్ ఇవ్వకూడదు, విద్యుత్ సరఫరా లైన్లు ఆ జాబితాలో ఉన్నాయి. ఆ దావా మీకు కోర్టు ఫీజు తప్ప మరేమీ మిగల్చదు. హైకోర్టులో 226వ అధికరణం కింద రిట్ వేయవచ్చు గాని, మా తోట పోతోంది, మాకు ఇష్టం లేదు అన్నంత మాత్రాన అది నిలవదు, ఏ దారి మంచిదన్నది నిపుణుల విషయమని న్యాయమూర్తులు పక్కన పెడతారు. నిలిచే కారణాలు కొన్నే: 164 ఉత్తర్వు లేకపోవడం లేదా మీ ఊరు అందులో లేకపోవడం, అభ్యంతరం చెప్పినా కలెక్టరు ఉత్తర్వు లేకుండా పని మొదలుపెట్టడం, ఆమోదించిన దారి నుంచి కారణం చెప్పకుండా తప్పుకోవడం, భద్రతా నిబంధనలను మీరడం. వీటిలో ఒక్కటి కాగితంతో సహా చూపగలిగితే వెంటనే వెళ్లండి. ఏదీ లేకపోతే, రిట్‌లో లైను ఆపమని కాకుండా మా అభ్యంతరాన్ని విని, కారణాలతో ఉత్తర్వు ఇచ్చేలా కలెక్టరును ఆదేశించమని అడగండి. అది దొరికే అవకాశం చాలా ఎక్కువ, ఆ వ్యవధిలోనే టవరు జరుపుడు మాట కూడా తెమలవచ్చు. ఎప్పుడు వెళ్లారన్నది కూడా కోర్టు చూస్తుంది. ముందూ వెనకా టవర్లు లేచి మీ ఊళ్లో ఒక్క ఖాళీ మిగిలిన రోజున వెళితే సానుభూతి దొరుకుతుందేమో గాని స్టే దొరకదు.

భూగర్భ కేబుల్ గురించి నిజాయితీగా చెప్పాలి. అది అసాధ్యం కాదు. తమిళనాడులోని పుగళూరు నుంచి కేరళలోని త్రిస్సూరు దాకా వేసిన డీసీ (ఒకే దిశలో పారే కరెంటు) లైనులో కేరళ భాగంలో కొంత దూరం నేల కిందనే పోయింది, అక్కడ జాగా దొరక్కపోవడమే అందుకు కారణం. కాని మీ ఊళ్లో వేసేలాంటి 400 కేవీ ఏసీ (దిశ మారుతూ పారే కరెంటు) లైనును పల్లెపొలాల్లో నేల కింద వేయమని కోర్టు ఆదేశించడం దాదాపు జరగని పని. రాజస్థాన్, గుజరాత్‌లలో బట్టమేక పక్షి కోసం లైన్లను భూగర్భంలోకి మార్చమని సుప్రీంకోర్టు 2021 ఏప్రిల్‌లో ఆదేశించింది, అది విశాలమైన ప్రాంతంలో ఆచరణ సాధ్యం కాదని ప్రభుత్వం చెప్పగా 2024 మార్చిలో ఆ ఆదేశాన్ని సవరించి నిపుణుల సంఘానికి అప్పగించింది. అంతరించిపోతున్న పక్షి విషయంలోనే అలా జరిగాక, మామిడితోటకు ఆ వాదన పనిచేస్తుందని నేను మీకు ఆశ పెట్టలేను.

ఆరోగ్యం ప్రశ్నను తేలిగ్గా తీసుకోను, ఇంట్లో చిన్నపిల్లలున్నవారి భయం సహజం. ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన క్యాన్సర్ పరిశోధన సంస్థ 2002లో ఈ తరహా అయస్కాంత క్షేత్రాలను క్యాన్సర్‌కు కారణం కావచ్చేమో అనే తరగతిలో, అంటే సాక్ష్యం పరిమితంగా ఉన్న తరగతిలో, పెట్టింది. అంతర్జాతీయ మార్గదర్శకాల ప్రకారం సాధారణ ప్రజలకు పరిమితి 200 మైక్రోటెస్లా (అయస్కాంత క్షేత్రాన్ని కొలిచే ప్రమాణం), సరిగా వేసిన లైన్ల కింద అంత ఉండదు. కాబట్టి కోర్టులో క్యాన్సర్ మాట కాకుండా దూరాల మాట ఎత్తండి. కేంద్ర విద్యుత్ ప్రాధికార సంస్థ భద్రతా నిబంధనల లెక్క ప్రకారం 400 కేవీ తీగ భవనం పక్క నుంచి కనీసం 5.6 మీటర్లు, భవనం పైనుంచి కనీసం 7.3 మీటర్లు ఎడంగా ఉండాలి. ఎండాకాలంలో తీగ వేడెక్కి కిందికి జారినప్పుడు, గాలికి ఊగినప్పుడు కూడా ఆ ఎడం ఉండాలి. దానికి మించి, లైనుకు కేటాయించే మొత్తం వెడల్పు 46 మీటర్లు, అంటే నడి గీతకు అటూ ఇటూ 23 మీటర్లు. మీ ఊరి కొత్త ఇళ్లు ఆ 23 మీటర్ల లోపల పడుతున్నాయా లేదా అన్నది టేపు పట్టి కొలవండి. పడుతుంటే దారి మార్చమనడానికి మీ దగ్గరున్న అత్యంత బలమైన కారణం అదే, మామిడితోట కాదు.

పరిహారం దగ్గరికి వద్దాం. కేంద్ర విద్యుత్ శాఖ 2015 అక్టోబరులో ఇచ్చిన మార్గదర్శకాల్లో టవరు అడుగు భూమికి విలువలో 85 శాతం, తీగల కింది భూమికి గరిష్ఠంగా 15 శాతం అన్నారు. 2024 జూన్‌లో వాటిని సవరించి టవరు అడుగుకు 200 శాతం, తీగల కింద 30 శాతం చేశారు. 2025 మార్చిలో వచ్చిన అనుబంధంలో పట్టణ ప్రాంతాలకు ఇంకా ఎక్కువ చెప్పారు. ఇవి రాష్ట్రాలకు ఇచ్చిన మార్గదర్శకాలు కాబట్టి మీ లైనుకు ఏ ఉత్తర్వు వర్తింపజేస్తున్నారో కలెక్టరు కార్యాలయంలో రాతపూర్వకంగా అడగండి. లెక్క ఇలా ఉంటుంది. తీగలు మీ తోటలో 100 మీటర్లు పోతే, 46 మీటర్ల వెడల్పున 4,600 చదరపు మీటర్లు, అంటే ఎకరా 13 సెంట్ల పైచిలుకు. ఎకరా విలువ 20 లక్షలనుకుంటే ఆ ముక్క విలువ దాదాపు 22 లక్షల 73 వేలు, అందులో 30 శాతం 6 లక్షల 80 వేల చిల్లర. టవరు కాళ్ల మధ్య 12 మీటర్లుంటే, కొత్త లెక్కలో నాలుగు వైపులా మీటరు చొప్పున కలుపుకుని 196 చదరపు మీటర్లు, అంటే 4.84 సెంట్లు, దానికి రెట్టింపు విలువ లక్షా 93 వేల చిల్లర. పంటకూ, చెట్లకూ వచ్చేది దీనికి వేరు. కంపెనీ మనిషి ఇంటికొచ్చి పంట నష్టం చెక్కు ఒక్కటి చేతిలో పెట్టి ఖాళీ కాగితం మీద సంతకం అడిగితే, ఈ లెక్క గుర్తు తెచ్చుకోండి. సంతకం పెట్టక తప్పకపోతే, అభ్యంతరంతో తీసుకుంటున్నాను, మిగతా హక్కులు వదులుకోవడం లేదు అని మీ చేత్తో రాసి పెట్టండి.

విలువ దగ్గరే అసలు పేచీ ఉంటుంది. సబ్‌రిజిస్ట్రారు పుస్తకంలో ఎకరా ఐదు లక్షలుంటే బయట ఇరవై నడుస్తుంది. చుట్టుపక్కల మూడేళ్లలో జరిగిన రిజిస్ట్రేషన్ల నకళ్లు ఇప్పటి నుంచే సేకరించండి. కలెక్టరు నిర్ణయించినది చాలదనుకుంటే 16వ సెక్షన్ మూడో ఉపవిభాగం కింద జిల్లా జడ్జి దగ్గర పిటిషన్ వేయవచ్చు, అక్కడ మార్గదర్శకాల శాతమే గీటురాయి కాదు. కేరళ విద్యుత్ బోర్డు వర్సెస్ లివిషా కేసులో 2007లో సుప్రీంకోర్టు, భూమి ఎక్కడుంది, తీగ ఎంత దూరం పోతోంది, చిన్న కమతం మీద నుంచా, నడిమధ్య నుంచా, ఆ భూమి విలువెంత అన్నవన్నీ చూడాలని చెప్పింది. తోట నడిమధ్య టవరు అన్న మీ బాధకు అక్కడ చట్టపరమైన విలువ ఉంది. ఈ పిటిషన్‌కు గడువు మూడేళ్లు, కున్హలియుమ్మ కేసులో 1976లోనే సుప్రీంకోర్టు చెప్పిన మాట ఇది. చెట్లు కొట్టిన తేదీ, పునాది వేసిన తేదీ, తీగలు లాగిన తేదీ గోడ మీద కాలెండరులో గుర్తుపెట్టుకోండి, వీటిలో మొదటి తేదీ నుంచి మూడేళ్లు లెక్కపెట్టుకుంటే ప్రమాదం ఉండదు. మహిళలకూ, ఎస్సీ, ఎస్టీ రైతులకూ ఆదాయంతో పని లేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది, మీ 30 మందిలో అలాంటివారు తప్పక ఉంటారు.

సాక్ష్యం గురించి ఒక సంఘటన చెబుతాను. నాలుగేళ్ల కిందట ఒక పెద్దాయన నా దగ్గరికి వచ్చాడు. కంపెనీ పంచనామాలో 11 మామిడి చెట్లని రాసి ఉంది, ఆయన వేలిముద్ర కూడా ఉంది. నేను తోటకు వెళ్లేసరికి కలప ఎప్పుడో తరలించేశారు, మొద్దులు మాత్రం నేలలో మిగిలాయి. ఆయన మనవరాలు సున్నం డబ్బా పట్టుకుని ఒక్కో మొద్దు మీద అంకె వేసుకుంటూ పోయింది, చివరి అంకె 19. ప్రతి మొద్దుకూ టేపు చుట్టి ఫొటో తీశాం, ఉద్యాన శాఖ అధికారి చేత వయసు, ఏటా వచ్చే కాపు లెక్క రాయించాం. కోర్టులో ఎదుటి వకీలు ఆ ఫొటోలను చూసి ప్రశ్నలు అడగడం మానేశాడు. మీ చెట్లు ఇంకా నిలబడి ఉన్నాయి కాబట్టి ఆ పని కొట్టకముందే చేయండి. ప్రతి చెట్టుకూ నంబరు వేసి, కాపుతో సహా ఫొటో తీసి, గ్రామ రెవెన్యూ అధికారి సమక్షంలో జాబితా రాయించండి. మామిడికాయ అమ్మిన మండీ చీటీలు పారేయకండి.

టవరు లేచిపోయిన తరువాత కూడా ఒక దారి ఉంది, దాన్ని చాలామంది వకీళ్లే మరచిపోతారు. టెలిగ్రాఫ్ చట్టం 17వ సెక్షన్ ప్రకారం, తరువాత ఎప్పుడైనా ఆ భూమిని వేరే విధంగా వాడుకోవలసి వస్తే లైనును మీ స్థలంలోనే మరో చోటికి లేదా మరింత ఎత్తుకు మార్చమని అడగవచ్చు. పరిహారం తీసుకున్నవారైతే మార్పు ఖర్చు, తీసుకున్న పరిహారంలో సగం, ఈ రెండింటిలో ఏది తక్కువో అది కట్టాలి. కంపెనీ వినకపోతే కలెక్టరుకు దరఖాస్తు చేసుకోవాలి, ఒప్పుకోవడం ఆయన విచక్షణే. 400 కేవీ లైనును జరపడం అరుదు గాని, ఎత్తు పెంచడం సాధ్యమైన సందర్భాలు ఉన్నాయి. మీ ఊరి చివర ఇళ్ల విషయంలో ఇది అక్కరకు రావచ్చు. ఇళ్ల మీదుగా పోయే 11 కేవీ లైన్ల సంగతి మాత్రం వేరు, వాటికి డిస్కం (ఇళ్లకు కరెంటు పంపిణీ చేసే సంస్థ) దగ్గర డబ్బు కట్టి మార్పించుకునే పద్ధతి ఉంది.

లైను వేస్తున్న సంస్థ ఏ రకానిది, 164 ఉత్తర్వు తేదీ ఏమిటి, మీ తోటకు ముందూ వెనకా ఉన్న యాంగిల్ పాయింట్ల నంబర్లు ఏమిటి, ఇళ్లకూ నడి గీతకూ కొలిచిన దూరం ఎంత అన్న నాలుగు వివరాలు సంపాదించి ఇక్కడే రాయండి. అభ్యంతర పత్రం చిత్తుప్రతిని నేను తయారుచేసి పెడతాను. పునాది గొయ్యికి ముగ్గు పోసినట్టు కనిపిస్తే మాత్రం నా జవాబు కోసం ఆగకుండా, ఆ రోజే అర్జీ తీసుకుని కలెక్టరు కార్యాలయానికి వెళ్లండి.